హైమ తలలోని క్లాంపు

వోల్టేజిని ఒక మట్టం దాటనివ్వకుండా పట్టి ఉంచే ఏర్పాటును ఎలక్ట్రానిక్స్‌లోనూ, నాడీశాస్త్రంలోనూ క్లాంపు అంటారు. అది తలలో ఉంటేనే బస్సు నడపనిచ్చే కాలంలో డ్రైవరు హైమ కూడా అమర్చుకుంది. అప్పటి నుంచి ఆమెకు కోపం గానీ, దుఃఖం గానీ హద్దు మీరలేదు.

చెల్లెలు పోయిన మూడో రోజు పరామర్శకు వచ్చిన మేనత్త ఆమెను పట్టుకుని బావురుమంది. హైమ పొడికళ్లు చూసి చేతులు తీసేసింది.

“సొంత చెల్లెలే! ఒక్క చుక్కయినా రాదేమే?”

“తీసెయ్యమని నిన్న ఆసుపత్రిలో కాళ్లావేళ్లా పడ్డానత్తా. నరాలు దాన్ని అల్లుకుపోయాయట, ఇక తియ్యలేరట.”

“మరి లోపలెలా ఉందే?”

“బ్రేకు తొక్కిపట్టి ఇంజను రేజ్ చేస్తున్నట్టుంది.”

మేనత్త ఆమెను మళ్లీ హత్తుకుంది. “నీ వంతూ నేనే ఏడుస్తాలే, పిచ్చితల్లీ.”

హైమ ఆమె వీపు నిమురుతూ ఉండిపోయింది. వాకిట్లో కూర్చున్నవారు హైమ గుండె నిబ్బరాన్ని మెచ్చుకున్నారు.