పాప పాట

చెవిలో అమర్చే శుద్ధియంత్రాలు వచ్చాక విశాఖలో ఎంత కర్కశమైన చప్పుడైనా జనానికి తీయగానే వినిపించసాగింది. ఇనుపరేకుల మీద రంపం లాగి సంగీతం కట్టే సువర్చలకు యంత్రం లేని శ్రోత ఒక్కడే మిగిలాడు, భర్త దాలినాయుడు. చనిపోయిన తమ పాప కోసం ఆమె కట్టిన పాటను అతను ఏనాడూ పూర్తిగా వినలేకపోయాడు. సగంలోనే ఏడుస్తూ బయటికి వెళ్లిపోయేవాడు.

యంత్రం లేకపోతే పోర్టులో పని లేదన్నారు. అతనూ పెట్టించుకొచ్చాడు.

ఆ సాయంత్రం ఆమె ఆ పాటే వాయించింది. రేకు కీచుమంది. అతను చివరిదాకా విన్నాడు.

"ఎంత హాయిగున్నాదే! ఇదేటి, కొత్తదా?"

"మన పాపదే మావా."

అతని నవ్వు ఆగిపోయింది. "మళ్లీ వాయించు," అన్నాడు.

ఆమె వాయించింది. ఏడుపు రావాలని అతను కళ్లు గట్టిగా మూసుకున్నాడు. కాలు మాత్రం తాళం వేస్తూనే ఉంది.