ముందు హాల్లో పెద్దాయన

పైవీధివాళ్ళకి పొద్దున్న. కిందివీధివాళ్ళకి మధ్యాహ్నం. ఒకళ్ళ గాలి ఇంకొకళ్ళకి సోకకుండా మ్యూజియం క్యూరేటరు చేసిన ఏర్పాటు అది.

ఊళ్ళో కర్ఫ్యూ. పోలీసు వ్యానులో తీసుకొస్తారు, మ్యూజియం చూపిస్తారు, అదే వ్యానులో ఇళ్ళకి దింపేస్తారు. మాటా మాటా అనుకోకుండా ఈ రోజు గడిస్తే సాయంత్రం కర్ఫ్యూ ఎత్తేస్తానన్నాడు ఇన్‌స్పెక్టరు. ఎత్తేస్తే క్యూరేటరు వంతెన దాటి ఆసుపత్రికి వెళ్ళగలదు. కాలేజీ నుంచి వస్తూ రెండు వీధుల రాళ్ళ మధ్య చిక్కుకున్న కొడుకు అక్కడున్నాడు. ఇంతవరకూ కళ్ళు తెరవలేదు.

మొదటి రోజు ఆవిడ ఏడ్చింది. తర్వాత ఏడుపుకి కూడా కర్ఫ్యూ పెట్టినట్టు ఆగిపోయింది.

గొడవ మూలపురుషుల గురించి. తెల్లదొరలు ఏలిన రోజుల్లో, ఏ కులం ముఖం ఎలా ఉంటుందో తేల్చేద్దామని, బతికున్న మనుషుల ముక్కుల్లో గొట్టాలు పెట్టి, ముఖం మీద ప్లాస్టరు పోసి అచ్చులు తీసే పని పెట్టుకున్నారు. మీరెవరని అడిగితే జనం పైవీధివాళ్ళమనీ, కిందివీధివాళ్ళమనీ చెప్పారు. దొరలు అదే కులం కింద రాసుకుని, లావుపాటి పుస్తకం అచ్చేసి, ఉద్యోగాలూ ఓట్లూ దాని ప్రకారం పంచారు. దొరలు ఓడెక్కి వెళ్ళిపోయారు. పంపకం ఉండిపోయింది. మ్యూజియంలో ఉన్న అచ్చు తమ మూలపురుషుడి ముఖమేనని ఏ వీధికావీధి నమ్మింది.

ఏళ్ళ తరబడి రిపేర్లలో ఉన్న మ్యూజియం మళ్ళీ తెరుస్తున్నారనగానే, ముందు హాల్లో మా పెద్దాయనే ఉండాలంటే మా పెద్దాయనే ఉండాలని రెండు వీధులూ రాళ్ళు పట్టుకున్నాయి.

పొద్దున్న పైవీధి సంఘం అధ్యక్షుడు తమ్ముణ్ణి వెంటబెట్టుకుని వచ్చాడు. హాలు మధ్యలో గాజు పెట్టెలో ప్లాస్టరు ముఖాన్నీ, దాని ముందు పైవీధి పేరుపలకనీ చూసి మెత్తబడ్డాడు.

"ముందు హాల్లోనే పెట్టారన్నమాట. సంతోషం అమ్మా." తమ్ముడి వైపు తిరిగాడు. "చూశావుట్రా ఆ ముక్కు? కత్తి. ఏలేవాళ్ళ ముక్కని దొరలు ఊరికే రాశారా?"

తమ్ముడు తన ముక్కు తడుముకున్నాడు. అది ఉల్లిపాయలా ఉంది. "జలుబు తగ్గితే నాదీ అంతే అన్నయ్యా."

"కళ్ళు మూసుకున్నా ఏం పౌరుషమో చూడండమ్మా."

"చూస్తున్నానండీ," అంది. మూసుకున్న కళ్ళు చూడ్డం ఆవిడకి ఈ మధ్య అలవాటే. ఆసుపత్రి నుంచి రోజూ ఫోన్లో ఫోటో వస్తోంది.

"కిందివీధివాణ్ణి మా పెద్దాయన పక్కన పెట్టరు కదా?"

"మీరున్నంతసేపూ ఆయన మీ కంటపడడండీ."

"అదీ పద్ధతంటే."

వ్యాను వెళ్ళిపోయాక అటెండరు క్యారేజీ తెచ్చిపెట్టాడు. ఆవిడ మూత తీసి, మళ్ళీ పెట్టేసింది. ఆడపడుచు ఫోను.

"వదినా, అలాగే ఉన్నాడు. పేరు పెట్టి పిలుస్తూ ఉండమన్నాడు డాక్టరు. నా గొంతుకి పలకట్లేదే. నువ్వొచ్చి పిలిస్తే..."

"సాయంత్రం వస్తా."

"ఇంతకీ ఏ వీధి రాయో తెలిసిందా?"

"రాయి మీద రాసుండదు కదమ్మా."

ఫోను పెట్టేసి కిటికీలోంచి ఖాళీ రోడ్డు చూస్తూ కూర్చుంది. అటెండరు తాళంచెవి తీసుకుని, "కిందివీధివాళ్ళు వచ్చే వేళయింది, హాలు సర్దొస్తానమ్మా," అని వెళ్ళాడు.

మధ్యాహ్నం కిందివీధి లాయరు, వాళ్ళ పిన్నిని చెయ్యి పట్టుకుని నడిపించుకుంటూ వచ్చాడు. అతనూ ముందు హాలు చూసి సంతోషించాడు.

"ఆ ముక్కు చూడు పిన్నీ. ఎంత నెమ్మదో. కష్టపడి బతికిన మనిషి ముక్కు. పైవీధివాళ్ళ పొగరు వెతికినా దొరకదు."

పిన్ని గాజుకి కళ్ళద్దాలు ఆనించి చూసింది. "అచ్చం మీ తాతేరా. భోంచేసి పడుకున్నట్టున్నాడు, పాపం."

"పైవీధివాడి ముఖమైతే చీకట్లో కూడా తెలిసిపోతుంది పిన్నీ."

అటెండరు దగ్గాడు.

"ఏం?"

"ప్లాస్టరు దుమ్ము బాబూ."

లాయరు వెళ్ళబోతూ ఆగాడు. "అన్నట్టు, వాళ్ళ పెద్దాయన్ని కూడా ఓసారి చూపించండి. ఆ తేడా మా పిన్ని కళ్ళారా చూడాలి."

అటెండరు చేతిలో తాళంచెవులు గలగల్లాడి ఆగాయి. బయట వ్యాను ఇంజను మోగుతూనే ఉంది. ఆవిడకి ఆ సాయంత్రం, ఆ వంతెన, పిలిస్తే పలకాల్సిన పిల్లాడు, అన్నీ లాయరు కాళ్ళ దగ్గర నిలబడ్డట్టనిపించాయి.

"చూపిస్తానండీ," అంది చివరికి. "కానీ కిందివీధివాళ్ళే వచ్చి మా పెద్దాయన దర్శనం చేసుకున్నారని రేపు పైవీధివాళ్ళు చెప్పుకుంటే నన్ననకండి."

లాయరు పిన్ని చెయ్యి పట్టుకున్నాడు. "మాకేం ఖర్మ? పద పిన్నీ."

చీకటి పడకముందే ఇన్‌స్పెక్టరు ఫోన్ చేశాడు. కర్ఫ్యూ ఎత్తేశారు. రెండు వీధులూ గెలిచినట్టే ఉన్నాయనీ, టపాకాయలు కూడా కాల్చుకుంటున్నారనీ చెప్పాడు. ఆవిడ సరేనంది. సంతోషం కోసం కాసేపు చూసింది. రాలేదు. చెప్పులు వేసుకుంది.

"మీరు పిలిస్తే బాబు పలుకుతాడమ్మా," అన్నాడు అటెండరు.

తలూపి గుమ్మం దాకా వెళ్ళి వెనక్కి తిరిగి చూసేసరికి, దొరలు రెండు వైపులా రెండు కులాలు రాసిపోయిన పేరుపలకని అటెండరు మళ్ళీ పైవీధి వైపుకి తిప్పిపెట్టి, మ్యూజియంలో ఉన్న ఆ ఒక్కగానొక్క ముఖం మీద దుమ్ము తుడుస్తున్నాడు.