గీతలు పడ్డ ప్రింటు

"పారిస్ నుంచి వచ్చిన ప్రింటే వేద్దాం మాస్టారూ. అద్దంలా మెరుస్తోంది" అంది ఫియామ్మా.

రోములో పాత సినిమాలు భద్రపరిచే సంస్థలో ఆమెకు ఉద్యోగం. ఎనభై ఏళ్ల ఛాయాగ్రాహకుడు ఒరెస్తెకు సన్మానం తలపెట్టింది ఆమే. ఆయనకు పేరు తెచ్చిన సినిమా వేస్తారు. వెలుగును ఆయన ఎలా పట్టాడో కళ్లారా చూద్దామని కొత్తతరం కెమెరామన్లు ఎక్కడెక్కడి నుంచో వస్తున్నారు.

తుల్లియోకు కడుపు నిండినట్టయింది. జీవితమంతా ఒరెస్తె కెమెరాకు ఫోకస్ చూసినవాడతను. ఎన్నాళ్లుగానో ఒరెస్తెను పలకరించే నిర్మాత లేడు. ఎప్పుడు వెళ్లినా ఆ ఇంట్లో ఒకే కంచం, ఒకే గ్లాసు. గోడల నిండా చనిపోయిన భార్య నీవెస్ ఫోటోలు. అన్నీ ఒరెస్తె తీసినవే, ఒకదాన్ని మించినది ఒకటి. అయినా ఆ ఇంట్లో మాట్లాడే మనిషి లేని లోటు తీరేది కాదు.

"ఇంకో ప్రింటు ఉందన్నావు?" అడిగాడు ఒరెస్తె.

"మన ఇటాలియన్ ప్రింటా? దాని గతి అడక్కండి. రంగు వెలిసి ఎర్రబారిపోయింది. ఒళ్లంతా గీతలే. పారిస్‌ది ఫ్రెంచిలో మాట్లాడుతుంది, అంతేగా! కింద మన భాషలో అక్షరాలు వేస్తాం."

"గీతలదే వెయ్యమ్మా."

తుల్లియో అదిరిపడ్డాడు. "ఒరేయ్, మతి గానీ పోయిందా? ఆ కొండ మీద పొద్దు వాలే షాటు కోసం మమ్మల్నందర్నీ ఎండుచేపల్లా ఎండబెట్టావు! స్వీడన్ నుంచి వచ్చిన ఆ హీరోయిన్ అలిగి గదిలోంచి బయటికి రానంది. నిర్మాత నీ మీద కత్తులు నూరాడు. అంత చేసి సాధించిన వెలుగురా అది!"

"తెలుసు."

"తెలిసీ నీ నోట్లో నువ్వే మట్టి కొట్టుకుంటావా? ముసలాడి గొప్ప ఇంతేనా అనుకోరూ?"

ఒరెస్తె ముఖం ఒక్క క్షణం వాడిపోయింది. ఆ పొద్దు వాలే షాటంటే అతనికి ప్రాణం.

"అనుకోనీరా" అన్నాడు.

సన్మానం నాడు హాలు కిటకిటలాడింది. దీపాలు ఆరాయి. తెర మీద కొండ కనిపించింది. అది పొద్దు వాలడంలా లేదు, ఇటుకల పొడి చల్లినట్టుంది. దాని మీద వానలా గీతలు. కుర్రాళ్లు ఒకరి ముఖాలొకరు చూసుకున్నారు. వెనక ఎవరో కిసుక్కున నవ్వారు. ఇద్దరు లేచి వెళ్లిపోయారు.

తుల్లియోకు ఒళ్లు మండిపోయింది. పక్కకు తిరిగి చూస్తే ఒరెస్తె కళ్లు గట్టిగా మూసుకుని ఉన్నాడు.

"నీ బొమ్మ నువ్వే చూడలేకపోతున్నావు. చేజేతులా చేసుకున్నావు కదరా!"

"ష్... మాట్లాడకు."

తెర మీద నాయకుడు తలుపు తోసుకుని ఇంట్లోకి వచ్చాడు.

"వచ్చావా? ఎంతసేపని ఎదురుచూడను? కూర్చో, సూపు చల్లారిపోతోంది" అంది నాయిక.

ఒరెస్తె పెదవులు కదిలాయి. "వచ్చానులే" అంటున్నాడు.

పాపం, నిజంగానే మతి పోయిందనుకున్నాడు తుల్లియో. మిత్రుడి పరువు అలా గంగలో కలుస్తుంటే చూడలేక తనూ కళ్లు మూసుకున్నాడు.

ఆ గొంతొక్కటే విన్నాక గానీ అతనికి తెలియలేదు, ఇటాలియన్ ఒక్క ముక్క రాని ఆ స్వీడన్ నటికి, తెర మీద పేరైనా లేకుండా, గొంతిచ్చింది నీవెస్ అని.