సొరంగం వాకిట ఎర్రదీపం

సొరంగంలో వంద అడుగుల లోపల, పట్టాల అతుకు బోల్టులన్నీ విప్పి కూర్చున్నాడు గ్యాంగ్‌మన్. వాకిట కాపలాగా అతని బావ ఎర్రదీపం పట్టుకొని నిలిచాడు. ఆ దీపమున్నంతవరకు ఏ రైలూ లోపలికి రాదు.

"కదలకు బావా!" అన్నాడు లోపలికి వచ్చేముందు.

"నీకేమైనా అయితే మీ అక్క నన్ను బతకనిస్తుందట్రా? పోయి పని చూసుకో," అని నవ్వాడు బావ.

నడుమనడుమ గ్యాంగ్‌మన్ సుత్తితో పట్టాపై రెండు దెబ్బలు వేసేవాడు. ఉన్నానన్నట్లు వాకిటినుండి రెండు దెబ్బలు తిరిగి వచ్చేవి. ఆ జవాబే ధైర్యంగా రెండు గంటలు గడిచాయి.

అక్క ఫోను చేసింది.

"ఇంకా రాలేదేంరా? మీ బావ ఎప్పుడో వచ్చి తిని పడుకున్నాడు. పనైపోయిందన్నాడే!"

తోబుట్టువుకంటె మిన్నగా నమ్మి ప్రాణమప్పగించినవాడు, తనను ఈ చీకటికి వదిలి, కడుపునిండా తిని నిద్రపోతున్నాడు.

అడుగకుండానే పట్టాపై రెండు దెబ్బలు వినిపించాయి.

వాకిట దీపం పట్టుకొన్న ఆకారం ఇంకా నిలిచే ఉన్నది. గోడమీది ఎర్రని వెలుగు మెల్లగా ఆకుపచ్చగా మారింది. దూరాన రైలు కూతతో బదులు పలికింది.