నటన వద్దు

"కట్! అది ఏడుపు కాదమ్మా, నటన!"

"మరి నటించడానికే కదండీ పిలిచారు?" అంది నటి, బుగ్గల మీద తడి తుడుచుకుంటూ.

దర్శకుడు తల పట్టుకున్నాడు. ఇరవై రెండేళ్లు డాక్యుమెంటరీలు తీసిన మనిషి. వరద బాధితులు, మూతపడిన మిల్లుల కార్మికులు... ఆయన కెమెరా ముందు ఏడవనివాళ్లు లేరు. నటనంటే తనకి ఒళ్లుమంట అని ప్రతి ఇంటర్వ్యూలోనూ చెప్పుకున్నవాడు. ఇప్పుడు మొదటిసారి కథా చిత్రం తీస్తున్నాడు. పొద్దుటి నుంచీ ఒక్కటే షాటు. ఆస్పత్రి వరండాలో నర్సు ఒక కవరు చేతికిస్తుంది. అందులో పోయిన భర్త చొక్కా, వాచీ. భార్య ఏడవాలి. పదిహేడు టేకులయ్యాయి.

వెనక కుర్చీలోంచి నిర్మాత గొంతు సవరించుకున్నాడు. "సాయంత్రంలోగా ఈ సీను అవకపోతే రేపు వేరే డైరెక్టరు వస్తాడు. మీరు హాయిగా మళ్లీ వరదలు తీసుకోండి."

దర్శకుడు ప్రొడక్షన్ మేనేజర్‌ని పక్కకి లాగాడు. "వార్డుబాయ్ చొక్కా తొడుక్కుని ఫ్రేములోకి వెళ్లండి. కెమెరా తిరుగుతూనే ఉంటుంది. ఆవిడ చెవిలో, వాళ్లమ్మ పోయిందని ఫోనొచ్చిందని చెప్పండి."

తల నెరిసిన మేనేజర్ గతుక్కుమన్నాడు. "తప్పు సార్. అనకూడని మాట అది."

"కళ కోసమండీ! ఆ పాపమేదో నాకే చుట్టుకుంటుందిలెండి."

మేనేజర్ కాళ్లీడ్చుకుంటూ వెళ్లి చెప్పాడు.

ఆమె వెంటనే ఏడవలేదు. కవరు నెమ్మదిగా మడిచి నర్సు చేతిలో పెట్టింది. చెప్పుల కోసం వెతికి, ఎడమది కుడికాలికి తొడుక్కుంది. "పొద్దున్న మనిషికి తినడానికి ఏమైనా పెట్టారా?" అని మేనేజర్‌ని అడిగింది. ఆయన తల దించుకున్నాడు. అప్పుడామె గోడవారన కూలబడి, కొంగు నోట్లో కుక్కుకుని, చప్పుడు లేకుండా కుమిలిపోయింది.

లైట్ల దగ్గరివాళ్లు మొహాలు తిప్పుకున్నారు. నిర్మాత జేబురుమాలు తీశాడు.

"కట్!" అరిచాడు దర్శకుడు. పరుగున ఆమె దగ్గరికి వెళ్లాడు. "ఊరుకోండమ్మా, ఊరుకోండి. మీ అమ్మగారు నిక్షేపంలా ఉన్నారు. నేనే అలా చెప్పించాను. తిట్టండి, పడతాను. కానీ చూశారా, నిజమంటే అదీ! జన్మంతా నటించినా అది తేగలరా మీరు?"

ఆమె లేచి చీర దులుపుకుంది. చెప్పులు సరిగా మార్చుకుంది.

"షాటు ఓకేనాండీ?"

"ఓకేనా ఏమిటమ్మా, అద్భుతం!"

"అయితే సరే. మా అమ్మ పోయి తొమ్మిదేళ్లయిందండీ."