అడ్డం పెట్టిన బ్యాగు

"ఆ బంటును తినద్దు తల్లీ!"

మాట ముందు సీట్లోంచి వచ్చింది.

శ్రీహరి ఉలిక్కిపడి తలెత్తాడు. హోసూరు నుంచి కృష్ణగిరికి పోయే బస్సు అప్పుడే శూలగిరి దాటింది. పక్కన కూతురు ధన్య కూర్చుని ఉంది. ఆమె ఒళ్ళో చిన్న మ్యాగ్నెట్ చెస్ బోర్డు.

మాట్లాడినవాడొక పెద్దాయన. తలకు తువ్వాలు చుట్టుకుని, వెనక్కి తిరగకుండానే కూర్చున్నాడు.

శ్రీహరికి హోసూరు బజారులో పాత్రల అంగడి ఉంది. కూతురి చదరంగమంటే ప్రాణం. ఆవేళ చివరి ఆట. గెలిస్తే ధన్యకు జిల్లా జట్టులో చోటు. ఓడితే ఇంతే సంగతులు, వచ్చే ఏడాదికి వయసు దాటిపోతుంది.

ఎదుటి అమ్మాయి రేణు, కృష్ణగిరి పిల్ల. ఎప్పుడూ ఒకే రకంగా ఆట మొదలుపెడుతుందని శ్రీహరి నాలుగు చోట్ల ఆరా తీశాడు. అందుకే బస్సులో కూడా ఊరుకోలేదు. రేణు ఎత్తులు తాను పైకి చెబుతూ, కూతురి చేత జవాబులు చెప్పిస్తున్నాడు.

"ఎందుకు తినకూడదు తాతా?" ధన్య అడిగింది. "ఒంటె బయటికి పోయింది కదా. ఆ బంటుకు కాపలా లేదు."

"అందుకే తినద్దనేది. నీ మంత్రి దాన్ని తినిందంటే, ఆ పక్క గుర్రం మళ్ళీ ఎగురుతాది. నీ మంత్రి ఇంక ఇంటికి రాదు. దాని బదులు రాజు ముందర బంటును ఒకడుగు జరుపు."

శ్రీహరికి ఒళ్ళు మండింది. ఇందాక "బంటు రెండడుగులు ఎట్ల పోతాదప్పా? మేం ఒకడుగే ఆడేది" అని అడిగింది కూడా ఈయనే. ఈ కాలం రూల్సే తెలియవు, పైగా సలహాలు!

ఇంతకీ మన బోర్డు ఈయనకెలా కనిపిస్తోంది?

డ్రైవరు తల మీద పెద్ద అద్దం ఉంది. అమ్మ దొంగా, అనుకున్నాడు శ్రీహరి. టిఫిన్ బ్యాగు తీసి బోర్డుకు అడ్డంగా పెట్టాడు.

"ఇంక దీని చాటున ఆడు."

ఆట మళ్ళీ మొదలైంది. నాలుగు ఎత్తులైనా కాలేదు.

"ఆ గుర్రాన్ని ఆడ పెట్టద్దు తల్లీ. బంటు కొడతాది."

"ఓ పెద్దాయనా!" శ్రీహరి గొంతు లేచింది. "తొంగి చూసేది ఆపుతావా లేదా?"

బస్సులో సగం మంది వెనక్కి తిరిగారు. పెద్దాయన మాత్రం తిరగలేదు. మెల్లగా నవ్వాడు.

"తప్పైపోయింది లేప్పా. చెవిన పడితే నోరు ఊరుకోదు."

"పాపం నాయినా," గొణిగింది ధన్య.

"ఏం పాపం? ఆ రేణు తరఫువాళ్ళు పంపించినోడేమో! ఆయన తినద్దన్నాడంటే నువ్వు తిని తీరాల. తెలిసిందా?"

కుందారపల్లి వచ్చింది. "మెల్లగా దిగప్పా, మెల్లగా" అంటూ కండక్టరు దగ్గరికొచ్చాడు. పెద్దాయన లేచాడు. ఆయన చెయ్యి సీటు కమ్మీకి తగిలింది, తర్వాత బ్యాగుకు తగిలింది, చివరికి ధన్య తల మీద ఆగింది.

"గెల్చుకోని రా తల్లీ."

శ్రీహరి బ్యాగును గట్టిగా దగ్గరికి లాక్కున్నాడు.

"చూస్తివా? పోతా పోతా గూడా బ్యాగు ఎత్తబోయినాడు!" అని మొహం కిటికీ వైపు తిప్పేసుకున్నాడు.

పోటీ హాల్లోకి తల్లిదండ్రులను రానివ్వరు. శ్రీహరి కిటికీ చువ్వలు పట్టుకుని నిలబడ్డాడు.

అచ్చం అదే ఆట పడింది. అదే ఒంటె, అదే గుర్రం. కాపలా లేని అదే బంటు.

ధన్య చెయ్యి మంత్రి మీదికి పోయింది. ముట్టుకుంటే ఆడి తీరాల్సిందే, చెస్‌లో అది రూలు.

తిను తల్లీ, తిను, అని శ్రీహరి లోపల్లోపలే అరిచాడు.

వేళ్ళు గాల్లోనే ఆగిపోయాయి. తర్వాత పక్కకు జరిగి, రాజు ముందర బంటును ఒకడుగు జరిపాయి.

శ్రీహరి తల పట్టుకుని మెట్ల మీద కూలబడ్డాడు.

రెండు గంటలకు ధన్య పరుగెత్తుకుంటూ వచ్చింది. "గెల్చినాను నాయినా!" వెనకే రేణు కూడా వచ్చింది. ఓడినా నవ్వుతోంది, మంచి పిల్ల.

"ఆ బంటును తింటావనే కాసుకోని ఉన్నానక్కా. నిన్న ఇద్దరు తిన్నారు. ఇద్దరి మంత్రీ పోయె."

శ్రీహరి కూతురి మొహం చూడలేకపోయాడు. బజారుకు పోయి, ఒక డబ్బా మైసూర్‌పాక్ కొనుక్కొచ్చాడు.

సాయంత్రం అదే బస్సు దొరికింది, అదే కండక్టరు. కుందారపల్లి దగ్గరపడుతుంటే శ్రీహరి లేచి కండక్టరు దగ్గరికి పోయాడు.

"అన్నా, పొద్దున ఈడ దిగిన పెద్దాయన ఇల్లు యాడ?"

"ఆంజప్పనా? మధ్యాహ్నం ట్రిప్పులో నేనే ఎక్కించుకోని పోయినానే. కూతురు బర్గూరుకు పిలుచుకోని పోయింది. ఇంక ఆడనే ఉండేది."

శ్రీహరి చేతిలో డబ్బా బరువెక్కింది.

"ఎప్పుడన్నా కనపడితే ఇది ఇయ్యన్నా. మా పాప గెల్చిందని చెప్పు. తొంగి చూస్తా ఉండాడని నోరు పారేసుకుంటిని, బోర్డుకు బ్యాగు అడ్డం పెడితిని. తప్పు నాదేనని చెప్పు."

కండక్టరు డబ్బా అందుకోలేదు.

"తొంగి చూసినాడా? ఎవరు, ఆంజప్పా?"

"ఆ అద్దంలో..."

కండక్టరు అద్దం వంక చూశాడు. శ్రీహరి వంక చూశాడు.

"ఆయనకు పుట్టినప్పటి నుంచి కండ్లే కనపడవన్నా," అన్నాడు.