తవిటయ్య ఆఖరి మాట

మనిషి నోటితో చెబితే చాలు, ఇప్పుడు డాక్యుమెంటరీలు గోడతెరలే తీసేస్తున్నాయి. మాజీ సైనికుడు గౌరునాయుడు చెప్పిన యుద్ధం కథ ఇంటింటి గోడ మీదా ఆడుతోంది. అందులో అతని నేస్తం తవిటయ్య "అంబా! బలి!" అని అరిచి ప్రాణం వదులుతాడు. బడిపిల్లలు రోజూ ప్రార్థనలో అదే అరుస్తున్నారు.

తవిటయ్య అక్క పైడమ్మ వచ్చి నిలదీసింది. "మా తమ్ముడు అమ్మనెప్పుడూ అంబ అన్నేదు. నిజింగా ఏటన్నాడు నాయుడూ?"

"అంబలి అడిగాడప్పా. నా దగ్గిర గుక్కెడు నీళ్లు కూడా నేవు."

పైడమ్మ కొంగు నోట్లో కుక్కుకుంది. గౌరునాయుడు గోడతెర వైపు తిరిగి, "ఆడడిగింది అంబలి! ముందు దిద్దు!" అని గద్దించాడు.

గోడతెర ఎంతో మర్యాదగా పలికింది.

"పెద్దవయసు కదా, మరిచిపోయి ఉంటారు. అసలేం జరిగిందో చూపించమంటారా?"